పక్క పీట

గృహప్రవేశానికి ముందురోజు సాయంత్రం ఉమాకాంత్ స్టూలెక్కి, సీలింగుకున్న స్మోక్ అలారాలకి షవర్ క్యాపులు తొడుగుతున్నాడు. హోమం పొగ తగిలితే అవి వీధంతా వినిపించేట్టు అరుస్తాయనీ, టోపీ పెడితే నోరు మూసుకుంటాయనీ సీతమ్మగారు చెప్పింది. గుడివాడ కాలేజీలో కెమిస్ట్రీ చెప్పి రిటైరైన ఆయనకి పొగ గురించి తెలియనిది లేదు గానీ, దానికి విరుగుడు స్నానాల టోపీ అని ఏ పుస్తకంలోనూ చదవలేదు.

“అన్నా, ఆడ మెట్ల కాడ ఇంకొకటున్నది,” అని కిందనుంచి వేలు చూపించింది సీతమ్మ. ఆవిడా, భర్త కొండల్ రావూ కరీంనగర్ నుంచి తమ కూతురి దగ్గరికని అమెరికా వచ్చి, చికాగో శివార్లలోని ఈ నేపర్‌విల్‌లో ఉంటున్నారు. రెండు వీధుల అవతలే ఇల్లు. తెలుగువాళ్ళ ఇంట్లో ఏ శుభకార్యమున్నా ఆవిడ ముందురోజే వచ్చి అజమాయిషీ మొదలెడుతుంది. “ఇంతకీ రేపు పీటల మీద ఎవరు కూసుంటరు?”

ఈ ప్రశ్న వస్తుందనే ఉమాకాంత్ పొద్దుటినుంచి భయపడుతున్నాడు. మెట్ల దగ్గరి అలారం సంగతి మర్చిపోయి స్టూలు దిగాడు.

వంటింట్లో అట్టపెట్టెలు విప్పుతున్న కూతురు స్మృతి ఇవతలికొచ్చింది. “నేను కూర్చుంటాను ఆంటీ.”

“నువ్వు సరే బిడ్డా. పక్క పీట మీద?”

“పక్క పీట లేదు. ఒకటే పీట.”

“అయ్యో, గట్లెట్లయితది? గృహప్రవేశమంటే దంపతులు కూసోవాలె. మీ నాయినకేమో ఆ భాగ్యం లేకపాయె...” అనేసి నాలుక కరుచుకుంది సీతమ్మ. “సరే తియ్యి, మేమిద్దరం కూసుంటం. మా ఆయనకు మోకాళ్ళు నొస్తయి గానీ కుర్చీ ఏస్కుంటడు.”

సోఫాలోంచి కొండల్ రావు తలెత్తాడు. “నన్నడిగినవా?”

“నిన్నెప్పుడడిగిన?” అంది సీతమ్మ.

స్మృతికి నవ్వొచ్చింది గానీ మాట మాత్రం మార్చలేదు. “ఆంటీ, ఈ ఇల్లు వెతుక్కుంటూ నేనొక్కదాన్నే తిరిగాను. సంతకాలు నేనొక్కదాన్నే పెట్టాను. చోటు ఖాళీగా ఉందని ఎవరో ఒకర్ని తెచ్చి పక్కన కూర్చోబెట్టుకునేదాన్నైతే పదేళ్ళ కిందటే పెళ్ళి చేసుకునేదాన్ని.”

ఉమాకాంత్ విమానం ఎక్కకముందే స్మృతి ఫోన్లో ఆయన దగ్గర మాట తీసుకుంది. “పీట మీద నేనొక్కదాన్నే నాన్నా. ఎవరేమన్నా నువ్వు నా వైపు ఉండాలి.” ఉంటానన్నాడు. గుళ్ళోని పెద్ద పంతులుగారు కూడా కర్త ఒక్కరైనా దోషం లేదమ్మా అన్నారట. ఇక మిగిలింది ఆ మాట రేపు పొద్దున్న నిలబెట్టుకోవడమే. అదే ఉమాకాంత్‌కి గుబులు. జీవితంలో ఎవరికీ ఎదురుచెప్పిన మనిషి కాదాయన. ఇంట్లో ఎదురుచెప్పాల్సిన పనులన్నీ భార్య ఉషారాణే చూసుకునేది. ఆవిడ పోయాక ఆ పని ఎవరూ అందుకోలేదు.

సీతమ్మ దంపతులు వెళ్ళాక ఆయన నెమ్మదిగా కదిపాడు. “రేపటికి ఆ ట్రైను అబ్బాయిని పిలిచావా?”

“ఏ అబ్బాయి?”

“ఎంతమంది అబ్బాయిలున్నారేమిటి?”

స్మృతి అట్టపెట్టెలో తల దూర్చేసింది. “అతనెవరో నాకు తెలీదు నాన్నా. పేరు కూడా తెలీదు. నీకు మొన్నే చెప్పానుగా.”

మొన్న మంగళవారం ఉమాకాంత్ కూతురితో చికాగో వెళ్ళాడు. అక్కడి నది మీద వంతెనలు పడవలొస్తే మధ్యకి విడిపోయి, రెండు చేతులూ ఎత్తినట్టు పైకి లేస్తాయి. వాటి మరమ్మతులు చూసే ఇంజనీరు స్మృతి. ఇనుప టోపీ పెట్టుకుని, తనకంటే రెండింతలున్న మగవాళ్ళకి ఆమె చెయ్యి చూపించగానే వంతెన లేచింది. ఉమాకాంత్‌కి తన గుండె కూడా దాంతోపాటే లేచినట్టయింది.

కానీ ఆయనకి అంతకంటే గుర్తుండిపోయింది ట్రైను. ఆ రైలుపెట్టెలకి రెండంతస్తులు. పై అంతస్తులో రెండు గోడల వెంటా వరసగా ఒంటి సీట్లు, మధ్యలో ఖాళీ. కింద నడిచేవాళ్ళు కనిపిస్తూ ఉంటారు. “పక్కన ఎవరూ కూర్చోరు నాన్నా, అందుకే నాకిష్టం,” అంది స్మృతి. పైగా అది నిశ్శబ్దం పాటించే పెట్టె. ఆఫీసు వేళల్లో అందులో ఎవరూ మాట్లాడకూడదు, ఫోనెత్తకూడదు. ఎవరైనా గుసగుసలాడినా తక్కినవాళ్ళు కళ్ళతోనే దహించేస్తారు.

తర్వాతి స్టేషన్లో ఎక్కిన ఒక పొడుగాటి మనిషి ఖాళీకి అవతల, సరిగ్గా స్మృతికి ఎదురుగా కూర్చున్నాడు. తల ఊపాడు. స్మృతీ ఊపింది. అంతే. సాయంత్రం తిరిగి వచ్చేటప్పుడూ అతనే. స్మృతి అలిసిపోయి నిద్రపోయింది. నేపర్‌విల్ దగ్గర అతను దిగడానికి లేచి, పెన్నుతో ఇనుపకడ్డీ మీద టక్‌టక్‌మని రెండుసార్లు కొట్టాడు. స్మృతి కళ్ళు తెరిచింది. ఊరి చివరనున్న తర్వాతి స్టేషన్ ఆమెది. అతను తల ఊపి దిగిపోయాడు.

“రోజూ ఇంతేనా?” అన్నాడు ఉమాకాంత్ కారెక్కాక.

“రోజూ ఇంతే. అతను లేపకపోతే ఎక్కడో లైను చివర అరోరాలో తేలతాను.”

“ఎన్నాళ్ళనుంచి?”

“ఏడాది పైనే.”

“ఏడాది పైన! ఒక్క మాట మాట్లాడుకోలేదా? మన గుడివాడ ప్యాసింజర్‌లో అయితే ఏడాదిలో పెళ్ళిచూపులయ్యి, పెళ్ళయ్యి, పురుడు కూడా వచ్చేసేది!”

“అది క్వయట్ కార్ నాన్నా. రూల్.”

ఆ రూలు పెట్టినవాణ్ణి ఉమాకాంత్ ఆ రోజంతా తిట్టుకున్నాడు. కానీ నిద్రలో ఉన్న తన కూతుర్ని రోజూ ఒక మనిషి స్టేషన్ దాటిపోకుండా చూస్తున్నాడన్న సంగతి మాత్రం ఆయనకి కప్పుకున్న దుప్పటిలా వెచ్చగా ఉంది.

* * *

శనివారం తెల్లవారుతుండగా గుడినుంచి ఫోనొచ్చింది. పెద్ద పంతులుగారికి జ్వరం. పక్క ఊరి గుడికి కొత్తగా వచ్చిన పంతులుగారిని పంపిస్తున్నారు. ఆయనకింకా డ్రైవింగ్ లైసెన్స్ రాలేదట, గుడి వాలంటీరు ఎవరో కార్లో దింపుతాడట.

“ఒంటి పీట సంగతి కొత్తాయనకి చెప్పారా?” అని అరిచింది స్మృతి మేడమీద పట్టుచీర కుచ్చిళ్ళతో కుస్తీ పడుతూ.

“చెప్పే ఉంటారమ్మా,” అన్నాడు ఉమాకాంత్. ఎవరూ చెప్పలేదు.

కాలింగ్ బెల్ మోగింది. తలుపు తీస్తే గుమ్మంలో పంతులుగారు. ఆయన వెనక ఒక చేత్తో హోమగుండం, ఇంకో చేత్తో సమిధల సంచీ, చంకలో రెండు పీటలు పెట్టుకుని, పంచె కట్టుకున్న ఒక పొడుగాటి మనిషి.

ట్రైను అబ్బాయి!

ఉమాకాంత్ తలుపు బార్లా తెరిచాడు. అతనూ ఈయన్ని గుర్తుపట్టాడు. అలవాటు కొద్దీ, తల ఊపాడు.

“నాయనా, ఇక్కడ మాట్లాడొచ్చు,” అన్నాడు ఉమాకాంత్.

“నమస్తే అంకుల్. నా పేరు భాస్కర్. శనాదివారాలు గుడికి డ్రైవింగ్ సేవ చేస్తుంటాను. ఇది మీ ఇల్లా... అంటే వాళ్ళ... ఆవిడ...” మిగతాది పూర్తి చెయ్యలేక చెవులదాకా ఎర్రబడ్డాడు. అచ్చమైన తెలుగు! ఉమాకాంత్‌కి పూనకం ఒక్కటే తక్కువ.

“ముహూర్తం దాటిపోతోంది, కబుర్లు తర్వాత!” వీళ్ళ మాటలేవీ వినకుండా అప్పటికే హాల్లోకి నడిచిన పంతులుగారు చకచకా ముగ్గు పెట్టి, హోమగుండం సర్ది, రెండు పీటలూ పక్కపక్కన వేసేశారు. తర్వాత భాస్కర్ వైపు తిరిగి, “రండి బాబూ, కూర్చోండి,” అన్నారు.

భాస్కర్ వెనక్కి చూశాడు. వెనక గోడ తప్ప ఎవరూ లేరు. “నేనాండీ?”

“మీరు కాకపోతే నేనా?”

ఆయన తప్పేం లేదు. మన ఊళ్ళలో పంతులుగారిని ఎవరు తీసుకొస్తారు? ఇంటి యజమానే కదా. పొద్దున్నే స్నానం చేసి, పంచె కట్టుకుని గుమ్మంలోకొచ్చి తనని కారెక్కించుకున్నవాడు యజమాని కాక ఇంకెవరవుతాడు? దార్లోనే గోత్రం, పేరు అడిగి తెలుసుకుని పెట్టుకున్నారు కూడా. భాస్కర్ ఏదో పట్టుకోమంటున్నారనుకుని మొహమాటంగా వంగాడు. ట్రైను అబ్బాయి గురించి ఉమాకాంత్ నోట నాలుగుసార్లు విని, ఇతనే అతనని పసిగట్టిన సీతమ్మ ఈ అవకాశం వదులుతుందా? భుజాలు పట్టుకుని పీట మీద కూలేసింది.

సరిగ్గా అప్పుడే చేతిలో దీపంతో మెట్లు దిగింది స్మృతి.

దిగుతూ దిగుతూ ఆగిపోయింది. ఏడాదిగా ఖాళీకి అవతల కూర్చున్న మనిషి, తన ఇంట్లో, తన హోమగుండం ముందు, తను వద్దన్న పక్క పీట మీద!

“మీరా?” అంది.

“మీరా?” అన్నాడతను. ఏడాది పైన ఎదురెదురుగా కూర్చుని వాళ్ళు మాట్లాడుకున్న మొదటి మాట అదే.

“కూర్చోండమ్మా, కూర్చోండి,” అని పంతులుగారు తొందరపెట్టారు. ఆ తొందరలో స్మృతి కూర్చుంది. ఆచమనం అయింది. పంతులుగారు కళ్ళు మూసుకుని గొంతెత్తారు. “భారద్వాజ గోత్రోద్భవస్య, భాస్కర నామధేయస్య, ధర్మపత్నీ సమేతస్య... అమ్మా, మీ పేరు?”



“ఒక్క నిమిషం పంతులుగారూ,” అంది స్మృతి. మాట తడబడలేదు. “నేను వీరి ధర్మపత్నిని కాను. వీరి పేరు నాకు ఇప్పుడే మీ నోటి వెంట తెలిసింది. ఇల్లు నాది. నా పేరు చదవండి.”

“సంకల్పం నడుమ ఆపొద్దు బిడ్డా, అరిష్టం!” అని గుండెల మీద చెయ్యి వేసుకుంది సీతమ్మ. “ఏమైతది, ఒక్క గంట గట్లనే కూసుంటే?”

స్మృతి తండ్రి వైపు చూసింది. చిన్నప్పుడు సైకిలు మీదనుంచి పడబోతూ వెనక్కి చూసినట్టు.

 నిజం చెప్పాలంటే ఆ ఇద్దర్నీ అలా పక్కపక్కన చూస్తే ఉమాకాంత్ కళ్ళకి పండగలా ఉంది. మాట్లాడకపోతే చాలు, మంత్రాలు వాటంతటవే సాగిపోతాయి. కానీ మాట మాటే.

“సీతమ్మగారూ, మొదలు తప్పయినప్పుడు మధ్యలో ఆపడమే మేలండీ,” అన్నాడు. అంత గట్టిగా వచ్చిన తన గొంతు విని తనే ఉలిక్కిపడ్డాడు. “పంతులుగారూ, మళ్ళీ మొదలెట్టండి. కౌశిక గోత్రం. స్మృతి. ఒక్కతే.”

భాస్కర్ అప్పటికే లేచి నిలబడ్డాడు. “క్షమించండి. ఇది ఎవరో కూర్చోబెడితే కూర్చోవాల్సిన చోటు కాదు,” అన్నాడు స్మృతితో. పీట తియ్యబోయాడు.

“ఉండనివ్వండి,” అంది స్మృతి. “ఖాళీగా ఉంటే ఇల్లేం కూలిపోదు.”

పంతులుగారు మంచాయన. ఫక్కున నవ్వేసి, లెంపలు వేసుకుని, మళ్ళీ మొదలెట్టారు. “కౌశిక గోత్రోద్భవాయాః, స్మృతి నామధేయవత్యాః...” ఆ పేరు కొత్త గోడలకి తగిలి తిరిగొచ్చి ఉమాకాంత్ చెవుల్లో పడింది. ఉషారాణి ఏరికోరి పెట్టిన పేరు. ఎంత బాగుందో!

హోమం రాజుకుంది. నెయ్యి పడింది. పొగ లేచింది. టోపీలు పెట్టుకున్న అలారాలన్నీ బుద్ధిగా ఊరుకున్నాయి. మెట్ల దగ్గరిది మాత్రం బోడిగుండుతో అంతా చూస్తూనే ఉంది కదా. ఒక్కసారిగా కెవ్వుమంది.

దాంతో ఇల్లంతా గగ్గోలు. కొండల్ రావు మోకాళ్ళ నొప్పి మర్చిపోయి వాకిట్లోకి పరిగెత్తాడు. సీతమ్మ పైటకొంగు విసురుతోంది. స్టూలు ఎక్కడ పెట్టాడో ఉమాకాంత్‌కి గుర్తు రావడం లేదు. భాస్కర్ చెయ్యి చాచాడు. జానెడు అందలేదు.

“పీట!” అంది స్మృతి మంత్రం మధ్యలోంచే, పక్కనున్న ఖాళీ పీటని అతని వైపు తోస్తూ.

అతను పీట తీసుకుని, నిలువుగా నిలబెట్టి, దాని అంచు మీద ఒంటికాలితో కొంగలా ఎక్కి, నిన్న మిగిలిపోయిన టోపీ అలారం నోటికి కట్టేశాడు. నిశ్శబ్దం. అందరూ చప్పట్లు కొట్టారు. స్మృతి కళ్ళలో నీళ్ళొచ్చేట్టు నవ్వింది. పొగ వల్లేనంది.

“పెండ్లయిందా బిడ్డా?” అని సీతమ్మ అతన్ని కిందికి దిగనివ్వకుండానే అడిగింది.

“లేదండీ.”

“ఎందుకు కాలే?”

“ఎవరూ అడగలేదండీ.”

పాలు పొంగాయి. సరిగ్గా తూర్పు వైపు పొంగాయి. పంతులుగారికి ఇంకో ఇంట్లో సత్యనారాయణ వ్రతం ఉంది, భోజనానికి కూడా ఆగకుండా లేచారు. దింపాల్సినవాడు కాబట్టి భాస్కరూ బయల్దేరాడు. గుమ్మంలో స్మృతీ అతనూ ఒకరికొకరు ఏదో చెప్పబోయారు. కార్లో కూర్చున్న పంతులుగారు చెయ్యి చాచి హారన్ నొక్కారు. అలవాటు ప్రకారం ఇద్దరూ తల ఊపుకున్నారు.

ఉమాకాంత్‌కి ఒళ్ళు మండింది. ఇక్కడ కూడా తల ఊపుడేనా! వంటింట్లోకి పరిగెత్తి, చేతికందిన స్టీలు డబ్బా నిండా పులిహోర కూరి, పైన నాలుగు బొబ్బట్లు పెట్టి, చెప్పుల్లేకుండా కారు దాకా ఉరికాడు. “తినండి బాబూ, ఉపవాసం ఎందుకు,” అని కిటికీలోంచి అందించాడు.

తిరిగొచ్చేసరికి స్మృతి నడుం మీద చేతులు పెట్టుకుని నిలబడి ఉంది. “అమ్మ డబ్బా ఇచ్చేశావా? పేపర్ ప్లేట్లు బోలెడున్నాయి కదా!”

మూత మీద చుక్కలు చుక్కలుగా ఉషారాణి అని పేరు కొట్టించిన డబ్బా అది. గుడివాడనుంచి బట్టల మధ్య చుట్టి తెచ్చాడు.

“పేపర్ ప్లేట్ ఇస్తే తిరిగి రాదమ్మా,” అన్నాడు ఉమాకాంత్.

స్మృతి తండ్రిని ఎగాదిగా చూసింది. కోపం తెచ్చుకుందామని ప్రయత్నించింది. రాలేదు.

* * *

సోమవారం పొద్దున్న ఉమాకాంత్‌కి హఠాత్తుగా వంతెన ఇంకోసారి చూడాలనిపించింది. స్మృతి ఏమీ అడగలేదు. ఆమె ఆ రోజు రెండు చున్నీలు మార్చిందన్న సంగతి ఆయనా అడగలేదు.

పై అంతస్తులో ఆమె మామూలు సీట్లో కూర్చుంది. ఆయన వెనక సీట్లో. ట్రైను కదిలింది. ఎదుటి సీటు ఖాళీ. నేపర్‌విల్ వచ్చింది. తలుపులు తెరుచుకున్నాయి. కోట్లు, బ్యాగులు, కాఫీ కప్పులు ఎక్కాయి. పొడుగాటి మనిషి లేడు. తలుపులు మూసుకుంటున్నాయి. స్మృతి కిటికీ వైపు తిరిగిపోయింది. పేపర్ ప్లేట్‌లో ఇచ్చి ఉంటే కనీసం డబ్బా అయినా మిగిలేది కదా అనుకున్నాడు ఉమాకాంత్. 

టక్, టక్.

కిందనుంచి. ఇనుపకడ్డీ మీద.

స్మృతి కిందికి చూసింది. వగరుస్తూ, చెమటలు కక్కుతూ, టై ఒక భుజం మీదికి ఎగిరిపోయి, భాస్కర్ నిలబడి ఉన్నాడు. చివరి పెట్టెలో ఎక్కి ట్రైనంతా నడిచొచ్చినట్టున్నాడు. మాట్లాడకుండా, రెండు చేతులూ పైకెత్తి, కడ్డీల సందులోంచి స్టీలు డబ్బా అందించాడు. నది మీద వంతెన లేచినట్టే ఉంది ఉమాకాంత్‌కి.

స్మృతి డబ్బా అందుకుంది. బరువుగా ఉంది. మూత తీసింది. ఖాళీ డబ్బా తిరిగి ఇవ్వకూడదని అతనికి ఎవరో నేర్పే పెంచారు. లోపల రవ్వలడ్లు. ఒకటి నిమ్మకాయంత, ఒకటి జామకాయంత, ఒకటి అసలు ఏ కాయలాగానూ లేదు. కొట్లో కొన్నవి కావనడానికి అంతకంటే సాక్ష్యం అక్కర్లేదు.

“మీరే...” అంది స్మృతి. పెట్టె మొత్తం తలలు తిప్పి ఆమెని చూసింది. పేపరు చదువుకుంటున్న పెద్దావిడ కళ్ళజోడు పైనుంచి గుడ్లురిమింది.

భాస్కర్ వేలు పెట్టి పక్క పెట్టె వైపు చూపించాడు. అక్కడ మాట్లాడుకోవచ్చు. అక్కడ జంట సీట్లు కూడా ఉంటాయి. చూపించి ఊరుకున్నాడు, పిలవలేదు, చెయ్యి పట్టి లాగలేదు. దారికి పక్కగా తప్పుకుని నిలబడ్డాడు.

స్మృతి ఒక్క క్షణం తన ఒంటి సీటు వైపు చూసుకుంది. ఎవరూ కూర్చోబెట్టకుండా, ఎవరూ భుజాలు నొక్కకుండా, తనంతట తను లేచింది. డబ్బా తండ్రి ఒళ్ళో పెట్టింది. సన్నటి ఇనుప మెట్లు చకచకా దిగింది. కింద అతను ముందు నడవలేదు, ఆమెని ముందుకి వెళ్ళనిచ్చాడు. రెండు పెట్టెల మధ్య తలుపు తెరుచుకుంది. అది మళ్ళీ మూసుకునే లోపల ఆమె గొంతు వినిపించింది. “అసలు మీకు అలారం దగ్గర పడతానని భయం వెయ్యలేదా...” ఆ తర్వాత నవ్వు. అవతలి నవ్వు కూడా కలిసింది.

“అబ్బ!” అన్నాడు ఉమాకాంత్ పైకే.

పెద్దావిడ పెదవుల మీద వేలు పెట్టుకుంది. టికెట్లు చూస్తూ వస్తున్న కండక్టరు కిందనుంచి తలెత్తి, పెద్దాయనా, అన్నట్టు కనుబొమలెగరేశాడు. ఎవరికైనా చెప్పకపోతే ఉమాకాంత్‌కి ప్రాణం నిలిచేట్టు లేదు. సీతమ్మకి ఫోన్ చెయ్యడానికి లేదు. పక్కన కూర్చున్నవాళ్ళు లేరు. ఒళ్ళో డబ్బా మాత్రం ఉంది. మూత మీది చుక్కల అక్షరాలని బొటనవేలితో నిమిరాడు, మెల్లగా, ఆ చివరినుంచి ఈ చివరికి.

ఏ కాయలాగానూ లేని లడ్డూ తీసి కొరికాడు. రాయి. పళ్ళకి గట్టి పనే పెట్టింది. పెళ్ళైన కొత్తలో ఉషారాణి చేసినవీ ఇలాగే ఉండేవి. నేర్చుకుంటాడులే అనుకున్నాడు. చికాగో వచ్చేదాకా ఆ లడ్డూ నోట్లో కరగలేదు. అందువల్ల ఆయన ఒక్క మాటైనా మాట్లాడకుండా ఉండగలిగాడు.